బీఈ2సీ ఆర్‌సీ మోడల్ (1/6 స్కేల్): ఏళ్ల తరబడి ఎగరేశాక

మొదటి ప్రపంచ యుద్ధంలో బ్రిటన్ వాడిన రెండు జతల రెక్కల విమానం బీఈ2సీకి ఇది ఆరో వంతు సైజు రిమోట్ కంట్రోల్ (ఆర్‌సీ) మోడల్. రెక్కల నిడివి 1.88 మీటర్లు, పొడవు 1.38. లేజర్‌తో కోసిన బాల్సా, ప్లైవుడ్ ముక్కల కిట్. మోటారు, సర్వోలు (రెక్క, తోక పలకల్ని కదిపే చిన్న మోటార్లు), బ్యాటరీ విడిగా కొనుక్కోవాలి. 6ఎస్ (ఆరు సెల్స్) బ్యాటరీతో కలిపి 4.4 కిలోలు తూగుతుంది. అసలు విమానం నిండు బరువు 972 కిలోలు, దాన్ని 216తో (6×6×6) భాగిస్తే 4.5. బరువు కూడా స్కేల్‌కి కుదరడం వల్లే ఇది గాల్లో బొమ్మలా ఎగిరెగిరి పడదు.

ఇంగ్లండ్‌లోని ఫార్న్‌బరో రాయల్ ఎయిర్‌క్రాఫ్ట్ ఫ్యాక్టరీ (ఆర్‌ఏఎఫ్)లో జెఫ్రీ డి హావిలాండ్ 1911–12లో తయారుచేసిన ప్రయోగ విమానాలు బీఈ1, బీఈ2. అక్కడి ఇంజనీరు ఎడ్వర్డ్ బస్క్ వాటిని స్థిరత్వం కోసం మార్చితే వచ్చిందే బీఈ2సీ. రెక్కను మెలిపెట్టే పద్ధతి పోయి నాలుగు రెక్కలకూ ఎలెరాన్లు (రెక్క వెనకంచున పైకీ కిందికీ కదిలే పలకలు) వచ్చాయి, పై రెక్క ముందుకు జరిగింది. పైలట్ చేయి వదిలినా తిన్నగా పోయే ఈ విమానమే 1915లో జర్మన్ యుద్ధ విమానాలు ఫోకర్లు మీదపడితే చటుక్కున తిరగలేక దొరికిపోయింది. ముందు సీట్లో తీగల మధ్య ఇరుక్కున్న అబ్జర్వర్‌కి తుపాకీ తిప్పే చోటే ఉండేది కాదు. యుద్ధంలో ప్రాణాలు తీసిన ఆ గుణం మోడల్‌కి మాత్రం వరం. సగం థ్రాటిల్‌లో (మోటారు శక్తిలో సగం) దానంతటదే సర్దుకుంటూ పోతుంది.

మలుపుల్లోనే జాగ్రత్త. ఎలెరాన్ ఒక్కటే ఇస్తే ముక్కు ఎదురు దిక్కుకి పోతుంది, ఎందుకంటే కిందికి దిగిన ఎలెరాన్ ఆ రెక్కను వెనక్కి లాగుతుంది. ఎలెరాన్ కదలిక పైకి 15 మి.మీ., కిందికి 6 మి.మీ. పెట్టి, రడ్డర్‌ని (తోక నిలువు పలక) ట్రాన్స్‌మిటర్‌లో 30 శాతం కలపండి.

అసలు పరీక్ష రిగ్గింగ్, అంటే రెక్కల్ని పట్టి ఉంచే తీగలు బిగించడం. కిట్‌లో ఇచ్చే ఎలాస్టిక్ తాడు ఎండకి సాగిపోతుంది, పనికిరాదు. నైలాన్ పూత ఉన్న స్టీలు ఫిషింగ్ వైరు వేసి, కొసలను ఇత్తడి గొట్టంతో నొక్కండి. ముందు ల్యాండింగ్ వైర్లు (నేల మీద రెక్క బరువు మోసేవి) బిగించి రెక్క కోణాన్ని ప్లాన్‌కి తేవాలి, ఆ తర్వాతే ఫ్లయింగ్ వైర్లు (గాల్లో రెక్క పైకి వంగకుండా పట్టేవి), అవీ వదులు పోయేంతవరకే. ఎక్కువ లాగితే రెక్క మెలిపడుతుంది. అర డిగ్రీ తేడా ఉన్నా విమానం ఒక పక్కకి దొర్లుతూనే ఉంటుంది. వానాకాలంలో బాల్సా తేమ పీల్చుకుంటుంది కాబట్టి ఎగరేసే ముందు ప్రతిసారీ ఇన్సిడెన్స్ మీటరుతో (రెక్క కోణాన్ని కొలిచేది) చూడాలి.

కిట్‌లో నాకు నచ్చనిది పై రెక్కను మోసే స్ట్రట్ల (నిలువు కర్రల) పట్టు. అక్కడి 2 మి.మీ. ప్లైవుడ్ బోల్టు చుట్టూ పగులుతుంది. కట్టేటప్పుడే 3 మి.మీ. బర్చ్ ప్లైవుడ్‌ని 30 నిమిషాల ఎపాక్సీతో అతికించండి. సీజీ (బరువు సమతూకంగా నిలిచే బిందువు) పై రెక్క ముందంచు నుంచి 125–130 మి.మీ. మధ్య ఉండాలి. బ్యాటరీని ప్లాన్‌లో చూపిన చోట పెడితే ముక్కులో సీసం నింపాల్సి వస్తుంది. బ్యాటరీని డమ్మీ (ఉత్తుత్తి) ఇంజన్ కిందికి జరిపితే ఆ బరువు తప్పుతుంది.

అసలు ఆర్‌ఏఎఫ్ 1ఏ ఇంజన్ ప్రొపెల్లర్‌ని తన వేగంలో సగానికే తిప్పేది, అందుకే నాలుగు బ్లేడ్లు. ప్రదర్శనకి అది పెట్టుకోండి, ఎగరడానికి 18×8 (అంగుళాల్లో వ్యాసం, పిచ్) రెండు బ్లేడ్లది చాలు.

దిగేటప్పుడు థ్రాటిల్ ఒక్కసారిగా తీయకూడదు. ఇన్ని తీగల నిరోధానికి విమానం ఆగినట్టై ధబ్బున పడుతుంది. చక్రాలు నేల తాకేదాకా పావు థ్రాటిల్ ఉంచండి. ఇరుసును పట్టే రబ్బరు ఎండకి పెళుసెక్కుతుంది, ఏడాదికోసారి మార్చాలి.

కారులో తీసుకెళ్లడానికి రెక్కల్ని ఏ ముక్కకాముక్క విప్పొద్దు. ఒక పక్క పై, కింది రెక్కల్ని స్ట్రట్లు, తీగలతో సహా జంటగానే తీస్తే, మైదానంలో మళ్లీ కొలతలు పట్టే పని చాలావరకు తగ్గుతుంది.