హాథార్న్: ఎనభైల జట్టు మేలా, క్లార్క్‌సన్ జట్టు మేలా?

మెల్‌బోర్న్‌లో ఉంటూ ఫుటీ (ఆస్ట్రేలియన్ ఫుట్‌బాల్) అలవాటు చేసుకున్న తెలుగువాళ్లు మళ్లీ మళ్లీ అడుగుతున్న ప్రశ్న ఇది. ఇక్కడి హాథార్న్ క్లబ్ చరిత్రలో ఏ జట్టు గొప్పది? అడిగేవాళ్లకు ఆట నియమాలూ పాయింట్ల లెక్కా తెలుసు కాబట్టి నేరుగా విషయంలోకే వెళ్దాం.

క్లబ్ ఖాతాలో మొత్తం 13 ఫ్లాగులు (లీగ్ టైటిళ్లు) ఉన్నాయి: 1961, 1971, 1976, 1978, 1983, 1986, 1988, 1989, 1991, 2008, 2013, 2014, 2015. అసలు పోటీ రెండు కాలాల మధ్యే. 1983–91లో తొమ్మిది సీజన్లకు ఐదు ఫ్లాగులు. కోచ్ క్లార్క్‌సన్ కాలమైన 2008–15లో ఎనిమిది సీజన్లకు నాలుగు, వాటిలో చివరి మూడు వరసగా.

కాగితం మీద చూస్తే ఎనభైల జట్టుదే పైచేయి. 1983 నుంచి 1989 వరకు ఏడేళ్లూ గ్రాండ్ ఫైనల్ (ఫ్లాగ్ తేల్చే ఆఖరి మ్యాచ్) ఆడింది. 1954–60లో మెల్‌బోర్న్ క్లబ్ తప్ప ఇంకెవరూ వరసగా ఏడు ఆడలేదు. గెలిచిన తేడాలూ చిన్నవి కావు. 1983లో ఎసెండన్‌పై 83, 1986లో కార్ల్‌టన్‌పై 42, 1988లో మెల్‌బోర్న్‌పై 96, 1991లో వెస్ట్ కోస్ట్‌పై 53. 1989లో జీలాంగ్‌పై మాత్రం 6 పాయింట్లతో గట్టెక్కింది. అటువైపు 2013లో ఫ్రీమాంటిల్‌పై 15, 2014లో సిడ్నీపై 63, 2015లో వెస్ట్ కోస్ట్‌పై 46. అయితే ఆ ఏడు గ్రాండ్ ఫైనళ్లలో మూడు ఓడిపోయారన్నది మర్చిపోకూడదు: 1984లో ఎసెండన్ చేతిలో 24, 1985లో మళ్లీ ఎసెండన్ చేతిలోనే 78, 1987లో కార్ల్‌టన్ చేతిలో 33. క్లార్క్‌సన్ జట్టు ఆడిన ఐదింటిలో ఓడింది ఒక్కటే, 2012లో సిడ్నీ చేతిలో 10 పాయింట్లతో.

నా వరకు తీర్పు తేల్చే అంశం వేరే ఉంది. ఆటగాళ్లు క్లబ్‌కి ఎలా వచ్చారు?

1960ల చివర్లో వీఎఫ్ఎల్ (అప్పటి లీగ్) విక్టోరియా పల్లె ప్రాంతాలను జోన్లుగా విడగొట్టి ఒక్కో క్లబ్‌కి ఒకటి పంచింది. జోన్‌లో పుట్టి పెరిగిన కుర్రాడిపై ఆ క్లబ్‌కే హక్కు. హాథార్న్ వాటాకి వచ్చినవి మార్నింగ్టన్ ద్వీపకల్పం, గిప్స్‌ల్యాండ్ వైపు ఊళ్లు. పేరుకి అది పల్లె జోనే గానీ మెల్‌బోర్న్ నగరం ఆగ్నేయంగా పాకుతూ పోయి ఫ్రాంక్‌స్టన్ చుట్టుపక్కల జనాభా ఏటా పెరిగింది. పక్క క్లబ్‌కి వలసలతో ఖాళీ అవుతున్న గోధుమ ఊళ్లు దక్కితే హాథార్న్‌కి కొత్త కాలనీలు, కొత్త స్కూళ్లు, కొత్త కుర్రాళ్లు దక్కారు. చెల్సీ నుంచి లీ మాథ్యూస్, బెర్విక్ నుంచి మైకేల్ టక్, ఫ్రాంక్‌స్టన్ నుంచి డెర్మట్ బ్రెరెటన్ వచ్చారు. టక్ 426 మ్యాచ్‌లు ఆడి ఏడు ఫ్లాగులు గెలిచాడు. అలాంటివాణ్ణి వేలంలో కొనాల్సిన పని లేదు, బేరమాడాల్సిన పని లేదు. జోన్ ఇచ్చింది.

అంతా జోన్ చలవే అనడం కూడా అన్యాయమే. జేసన్ డన్‌స్టల్ క్వీన్స్‌ల్యాండ్ నుంచి, జాన్ ప్లాటన్ సౌత్ ఆస్ట్రేలియా నుంచి వచ్చారు, వాళ్లను కనిపెట్టింది క్లబ్ కన్ను. డన్‌స్టల్ 1988లో 132 గోల్స్, 1989లో 138 గోల్స్ కొట్టాడు. కోచ్ అలన్ జీన్స్ ఆటను మూడు స్థితులుగా నేర్పేవాడు: బంతి మన దగ్గరుంది, వాళ్ల దగ్గరుంది, ఎవరి దగ్గరా లేదు. మూడో స్థితిలో ఆ జట్టుని మించినవాళ్లు లేరు. కానీ పునాది మాత్రం పోటీదారులకు దొరకని పునాది. జాతీయ డ్రాఫ్ట్ (కొత్త ఆటగాళ్లను క్లబ్‌లు వంతులవారీగా ఎంచుకునే పద్ధతి) 1986లో, శాలరీ క్యాప్ (జట్టు జీతాలకు పరిమితి) 1987లో వచ్చాయి. అవి పనిచేయడం మొదలయ్యేసరికి ఆ జట్టు తయారైపోయింది.

క్లార్క్‌సన్‌కి ఆ వెసులుబాటు లేదు. 18 క్లబ్‌లు, అందరికీ క్యాప్, కింద ఉన్నవాళ్లకి ముందు పిక్ (ఎంచుకునే వంతు) ఇచ్చే డ్రాఫ్ట్. ఒకసారి పైకి వెళ్తే మళ్లీ కిందికి లాగడానికే పెట్టిన ఏర్పాటు అది. అందులోనే మూడు వరసగా గెలవాలంటే ఏం చేయాలో హాథార్న్ చూపించింది. మొదటి పొర, డ్రాఫ్ట్ పిక్‌లతో తెచ్చుకున్నవాళ్లు: 2001లో మొదటి పిక్‌తో ల్యూక్ హాడ్జ్, అదే డ్రాఫ్ట్‌లో 36వ పిక్‌తో శామ్ మిచెల్. 2004లో జారిడ్ రఫ్‌హెడ్ 2, లాన్స్ ఫ్రాంక్లిన్ 5, జోర్డన్ లూయిస్ 7. 2007లో సిరిల్ రియోలి 12. రెండో పొర, ఇతర క్లబ్‌ల నుంచి తెచ్చుకున్నవాళ్లు: పోర్ట్ అడిలైడ్ నుంచి షాన్ బర్గోయిన్, నార్త్ మెల్‌బోర్న్ నుంచి జోష్ గిబ్సన్, డేవిడ్ హేల్, అడిలైడ్ నుంచి జాక్ గన్‌స్టన్, బుల్‌డాగ్స్ నుంచి బ్రయన్ లేక్, సెయింట్ కిల్డా నుంచి బెన్ మెకెవాయ్, మెల్‌బోర్న్ నుంచి ఫ్రీ ఏజెంట్‌గా (ఒప్పందం ముగిసినవాడిగా) జేమ్స్ ఫ్రాలీ. ప్రతి కొనుగోలూ జట్టులో ఉన్న ఒక ఖాళీకి సరిగ్గా సరిపోయింది. లేక్ ముప్పై ఏళ్ల వయసులో వచ్చి, మొదటి సీజన్‌లోనే 2013 గ్రాండ్ ఫైనల్‌లో ఉత్తమ ఆటగాడికిచ్చే నార్మ్ స్మిత్ మెడల్ గెలిచాడు.

ఈ పోలికలో నన్ను ఒక పక్కకి తిప్పేసింది ఫ్రాంక్లిన్ వ్యవహారం. 2013 ఫ్లాగ్ గెలిచిన కొద్ది రోజులకే అతను తొమ్మిదేళ్లకు కోటి డాలర్ల ఒప్పందంతో సిడ్నీకి వెళ్లిపోయాడు. హాథార్న్‌కి పరిహారంగా దక్కింది 19వ పిక్ ఒక్కటి. 2014లో సిడ్నీ పట్టికలో మొదటి స్థానం, ఫ్రాంక్లిన్‌కి అత్యధిక గోల్స్ కొట్టినవాడికిచ్చే కోల్‌మన్ మెడల్. అదే సిడ్నీని గ్రాండ్ ఫైనల్‌లో హాథార్న్ 63 పాయింట్లతో చిత్తు చేసింది. ఎనభైల జట్టు మంచి వయసులో ఉన్న తన ప్రధాన ఫార్వర్డ్‌ని ప్రత్యర్థికి వదులుకుని మరుసటి ఏడాదే వాళ్లపై గెలవాల్సిన పరిస్థితి ఎన్నడూ ఎదుర్కోలేదు.

కోచ్ అనారోగ్యం విషయంలో మాత్రం రెండూ సమానమే. జీన్స్‌కి జబ్బు చేయడంతో 1988 ఫ్లాగ్ అలన్ జాయిస్ చేతుల మీదుగా వచ్చింది. 2014 మధ్యలో క్లార్క్‌సన్‌కి గియాన్ బారే సిండ్రోమ్ అనే నరాల జబ్బు వస్తే బ్రెండన్ బోల్టన్ ఐదు మ్యాచ్‌లు నడిపి ఐదూ గెలిపించాడు.

ఎనభైల వైపు గట్టి వాదన ఇంకొకటుంది. 1983లో 12 జట్లు, 22 రౌండ్లు, అంటే ప్రతి జట్టుతోనూ రెండుసార్లు ఆడాలి. పట్టికలో అదృష్టానికి చోటు తక్కువ. 18 జట్ల లీగ్‌లో అవే 22 మ్యాచ్‌లు ఆడితే రెండోసారి ఎదురయ్యేది ఐదుగురే. ఇది నిజమైన తేడా. కానీ ఫైనల్స్ దారి దీనికి ఎదురు తూగుతుంది. పాత ఫైనల్ ఫైవ్‌లో (పట్టిక మొదటి ఐదు జట్లే ఆడే ఫైనల్స్) పట్టిక మొదటి జట్టు రెండే మ్యాచ్‌లు గెలిస్తే ఫ్లాగ్. ఇప్పుడు కనీసం మూడు. 2015లో హాథార్న్ మొదటి ఫైనల్ పెర్త్‌లో వెస్ట్ కోస్ట్ చేతిలో ఓడింది. తర్వాత అడిలైడ్‌ని గెలిచి, మళ్లీ పెర్త్ వెళ్లి ఫ్రీమాంటిల్‌ని ఓడించి, మూడు వారాల కింద తమను ఓడించిన వెస్ట్ కోస్ట్‌పైనే కప్పు ఎత్తింది.

చిన్న లెక్క ఒకటి. ప్రతి క్లబ్‌కీ సమాన అవకాశం అనుకుంటే 1983–91లో ఒక క్లబ్‌కి రావాల్సిన ఫ్లాగులు దాదాపు 0.69 (12 జట్లతో నాలుగేళ్లు, 14తో నాలుగేళ్లు, 15తో ఒక ఏడాది). వచ్చినవి 5, అంటే ఏడు రెట్ల పైమాట. 2008–15లో రావాల్సినవి దాదాపు 0.47, వచ్చినవి 4, ఎనిమిదిన్నర రెట్లు. రెండు కాలాలనూ ఫ్లాగ్‌తో మొదలుపెట్టి ఫ్లాగ్‌తోనే ముగించాం కాబట్టి రెండు అంకెలూ కాస్త ఉబ్బినవే, అయినా ఒకదానితో ఒకటి పోల్చడానికి పనికొస్తాయి.

అందుకే నా ఓటు 2013–15కే.

మిగతావాటి గురించి రెండు మాటలు చాలు. 1961 మొదటి ఫ్లాగ్ కాబట్టి దాని విలువ దానిదే. 1971లో పీటర్ హడ్సన్ సీజన్‌లో 150 గోల్స్ కొట్టి బాబ్ ప్రాట్ రికార్డుని సమం చేశాడు, ఫైనల్ 7 పాయింట్ల గెలుపు. 1976, 1978 రెండూ నార్త్ మెల్‌బోర్న్‌పై గెలిచినవే. ఈ పోటీలో ఇవి నిలబడవు.

ఒక్క మ్యాచ్ చూసే తీరిక మాత్రమే ఉంటే, నేను ఓటేసిన కాలంలోది కాకుండా 1989 గ్రాండ్ ఫైనల్ చూడండి. ఆట మొదలుపెట్టే మొదటి బౌన్స్‌కే బ్రెరెటన్‌ని గుద్ది పడేశారు. అతను లేచి ముందుకెళ్లి గోల్ కొట్టాడు. హాథార్న్ ఆటగాడు డిపియర్‌డొమెనికోకి ఊపిరితిత్తి దెబ్బతింది, ప్లాటన్ తలకి దెబ్బ తగిలింది. మూడో క్వార్టర్ చివర 36 పాయింట్లున్న ఆధిక్యం ఆఖరికి 6 మిగిలింది. జీలాంగ్ వైపు తొమ్మిది గోల్స్ కొట్టిన గ్యారీ ఏబ్లెట్ గిప్స్‌ల్యాండ్‌లోని డ్రూయిన్ కుర్రాడు, 1982లో హాథార్న్‌కి ఆరు మ్యాచ్‌లు ఆడి వెళ్లిపోయినవాడు.