ఫుల్ స్క్రీన్ ఆట లోంచి బయటపడటం: జెస్చర్లతో నాలుగేళ్లు, నాన్న ఫోన్‌లో మూడు బటన్లతో రెండేళ్లు

రెండేళ్ల క్రితం ఒక మధ్యాహ్నం, చీరాలలో ఉండే మా నాన్న పక్కింటివాళ్ల ఫోన్ నుంచి నాకు కాల్ చేశారు. “క్యారమ్స్ ఆట పెట్టుకున్నాన్రా, అందులోంచి బయటికి రావడం లేదు. పవర్ నొక్కి ఆపేశాను. మళ్లీ ఆన్ చేస్తే అదే ఆట. ఛార్జింగ్ అయిపోయేదాకా ఉండనిద్దామని పక్కన పెట్టేశాను” అన్నారు.

కొత్త ఫోన్ కొనిచ్చి అప్పటికి మూడు రోజులు. నేనే కొన్నాను, నేనే సెట్ చేశాను. నా ఫోన్‌లో ఉన్నట్టే అందులోనూ జెస్చర్లు, అంటే బటన్లు లేకుండా స్క్రీన్ అంచు నుంచి వేలితో లాగే పద్ధతి, పెట్టాను. స్క్రీన్ పెద్దగా కనిపిస్తుంది, ఆయనకి బాగుంటుంది అనుకున్నాను. నలభై ఏళ్లు మగ్గం మీద కూర్చున్న మనిషి ఆయన. పోగు తెగితే చూడకుండానే ముడి వేసేవారు. అలాంటి చేతులు అద్దం మీద ఎక్కడ రుద్దాలో తెలియక అరగంట తడుముకున్నాయంటే నాకు చాలా బాధ వేసింది. ఈ సమీక్ష రాయాలన్న ఆలోచన అప్పుడే పుట్టింది. కానీ జెస్చర్లు, మూడు బటన్లు రెండు పద్ధతులనూ బాగా వాడి చూశాకే రాయాలని ఇన్నాళ్లూ ఆగాను.

2017లో నేను వాడిన ఫోన్‌కి అద్దం కింద నిజమైన హోమ్ బటన్ ఉండేది. ఏ ఆటలో ఉన్నా, జేబులో ఉన్నా, చీకట్లో ఉన్నా, వేలికి తగిలేది. నొక్కితే బయటికి వచ్చేవాణ్ణి. దాని గురించి ఎప్పుడూ ఆలోచించాల్సిన అవసరమే రాలేదు. తర్వాతి ఫోన్‌లో ఆ బటన్ పోయి, స్క్రీన్ మీదే మూడు బటన్లు వచ్చాయి: వెనక్కి వెళ్లే బ్యాక్‌కి త్రికోణం, మొదటి స్క్రీన్‌కి తీసుకెళ్లే హోమ్‌కి గుండ్రం, తెరిచిన యాప్‌లన్నీ చూపించే రీసెంట్స్‌కి చదరం. ఆ పైన వచ్చిన ఫోన్‌లో జెస్చర్లు. కింది అంచు నుంచి పైకి లాగితే హోమ్, పైకి లాగి ఒక క్షణం పట్టుకుంటే రీసెంట్స్, పక్క అంచు నుంచి లోపలికి లాగితే బ్యాక్. ఆండ్రాయిడ్‌లో ఈ పూర్తి జెస్చర్ల పద్ధతి 2019లో పదో వెర్షన్‌తో వచ్చింది. నేను నాలుగేళ్లుగా ఇదే వాడుతున్నాను.

మామూలు యాప్‌లలో జెస్చర్లకి నేను పూర్తి మార్కులు వేస్తాను. వాట్సాప్‌లోంచి బ్రౌజర్‌కి, అక్కడి నుంచి వెనక్కి, ఒక్క బొటనవేలితో అయిపోతుంది. ఇప్పుడు మూడు బటన్లున్న ఫోన్ పట్టుకుంటే నా వేలు కాసేపు తడబడుతుంది. ఆటల దగ్గరికి వచ్చేసరికి మాత్రం వేరే లెక్క.

ఆట ఫుల్ స్క్రీన్‌లో తెరుచుకున్నప్పుడు పైన టైమ్, బ్యాటరీ చూపించే పట్టీ, కింద బటన్ల పట్టీ రెండూ దాక్కుంటాయి. 2013లో వచ్చిన ఆండ్రాయిడ్ 4.4 నుంచి యాప్‌లకి ఈ వీలు ఉంది. ఆ పట్టీలు పోవు, దాక్కుంటాయంతే. అంచు నుంచి ఒకసారి లాగితే పైకి తేలి, కొన్ని సెకన్లు ఉండి, మళ్లీ మాయమవుతాయి. అందువల్ల జెస్చర్లు ఉన్న ఫోన్‌లో ఆట లోంచి బయటికి రావాలంటే చాలాసార్లు రెండుసార్లు లాగాలి. మొదటిసారి లాగితే కింద సన్నని గీత ఒకటి కనిపిస్తుంది. అది ఉండగానే రెండోసారి లాగితే హోమ్‌కి వెళ్తాం. నాన్న ఒక్కసారే లాగి, ఏమీ జరగలేదని చేయి తీసేసి, కళ్లజోడు సర్దుకుని మళ్లీ లాగేవారు. ఆ లోపు గీత వెళ్లిపోయేది. అంటే ప్రతిసారీ ఆయనది మొదటిసారే. అరగంట పాటు జరిగింది ఇదే.

ఈ రెండుసార్ల పద్ధతి అనవసరమని నేను అనను. ఆడేవాళ్లకి అది రక్షణ. పరుగు ఆటల్లో బొమ్మ ఎగరాలంటే వేలు పైకి లాగాలి. హడావుడిలో ఆ వేలు కింది అంచు నుంచే మొదలవుతుంది. మిఠాయిలు జత చేసే ఆటల్లో చివరి వరుసలో ఉన్నదాన్ని పైకి జరపాలన్నా అంతే. ఒక్క లాగుడికే హోమ్‌కి పోతే ఆట ఆడలేం. ఫోన్ అడ్డంగా పట్టుకుని ఆడే షూటింగ్ ఆటల్లో బొటనవేళ్లు రెండూ పక్క అంచుల దగ్గరే తిరుగుతుంటాయి, అక్కడే బ్యాక్ జెస్చర్ కూడా ఉంటుంది. నేను అలాంటి ఆటల్లో గంటలు గడిపాను. ఆటకి పక్కనుంచి బ్యాక్ అడ్డుపడటం ఈ నాలుగేళ్లలో నాకు వేళ్ల మీద లెక్కపెట్టేంతే జరిగింది. ఆ మేరకు ఇది మంచి ఏర్పాటే.

చాలామందికి తెలియనిది, నాకూ చాలా ఆలస్యంగా అర్థమైనది ఇంకోటి ఉంది. బ్యాక్‌కీ హోమ్‌కీ మధ్య ఉన్న తేడా. బ్యాక్ నొక్కితే అది ముందుగా ఆటకే చేరుతుంది. ఏం చేయాలో ఆట తయారుచేసినవాళ్లు నిర్ణయిస్తారు. ఒక ఆట “నిజంగా వెళ్లిపోతారా?” అని అడుగుతుంది, ఒకటి ఆపి మెనూ చూపిస్తుంది, ఇంకొకటి ఏమీ పట్టనట్టు ఉంటుంది. నాన్న క్యారమ్స్ ఆట మూడో రకం. హోమ్ అలా కాదు. అది ఫోన్ సొంత పని. మామూలుగా ప్లే స్టోర్ నుంచి దింపుకున్న ఏ ఆటా హోమ్‌ని అడ్డుకోలేదు. మహా అయితే ఇంకొకసారి లాగేలా చేయగలదు. అందుకే ఇంట్లో పెద్దవాళ్లకి ఫోన్ నేర్పేటప్పుడు ఇప్పుడు నేను బ్యాక్ గురించి అసలు చెప్పను. హోమ్ ఒక్కటే నేర్పిస్తాను. బ్యాక్ నమ్ముకున్నవాళ్లే ఆటల్లో ఇరుక్కుంటున్నారు.

ఆ ఆదివారం రైలెక్కి చీరాల వెళ్లాను. ఇంకో సంగతి అక్కడికి వెళ్తే గానీ తెలియలేదు. ఫోన్ కొన్నప్పుడు షాపులో గట్టి పౌచ్ వేయించాను, కింద పడినా పగలదని. దాని అంచులు అద్దం కన్నా ఎత్తుగా ఉన్నాయి. టెంపర్డ్ గ్లాస్ కూడా అంచుదాకా రాకుండా కొంచెం ముందే ఆగిపోయింది. జెస్చర్ సరిగ్గా అంచు నుంచి మొదలవ్వాలి. మగ్గం పనితో గట్టిపడిన నాన్న వేలు ఆ పౌచ్ గట్టు దాటి అద్దం మీదకి దిగేసరికి అంచు దాటి లోపలికి వచ్చేసేది. పౌచ్ తీసేసి లాగమంటే వెంటనే పనిచేసింది. ఆయన మొహంలో కనిపించిన తేలిక నాకు ఇంకా గుర్తుంది. “అయితే తప్పు నాది కాదన్నమాట” అన్నారు. మూడు రోజులుగా ఆయన తన చేతకానితనం అనుకుంటున్నారు. పెద్దవాళ్లకి ఫోన్ ఇచ్చేవాళ్లు ఈ ఒక్క విషయం చూడండి. జెస్చర్లు వాడుతున్నట్టయితే అంచులు పల్చగా ఉన్న పౌచ్ వేయించండి.

అప్పుడే ఆయన ఫోన్‌ని మూడు బటన్లకి మార్చాను. సెట్టింగ్స్‌లోకి వెళ్లి పైన వెతికే చోట ‘నావిగేషన్’ అని కొడితే దొరుకుతుంది. కొన్ని ఫోన్లలో ఇది సిస్టమ్ కింద, కొన్నింటిలో డిస్‌ప్లే కింద ఉంటుంది. మూడు బటన్లు పెట్టినా ఫుల్ స్క్రీన్ ఆటలో అవి దాక్కుంటాయి, ఒకసారి లాగాల్సిందే. కానీ లాగాక కంటికి కనిపించే గుండ్రం ఒకటి వస్తుంది. దాన్ని నొక్కాలి. ఒకసారి లాగు, గుండ్రం నొక్కు. రెండూ వేరు వేరు పనులు కాబట్టి ఆయనకి గుర్తుండిపోయాయి. “రెండుసార్లు లాగు” అని చెప్పినప్పుడు మొదటిది అయిందో లేదో ఆయనకి తెలిసేది కాదు. ఇప్పుడు తెలుస్తుంది. రెండేళ్లలో మళ్లీ ఆటలో ఇరుక్కున్నానని ఫోన్ రాలేదు.

మూడు బటన్ల లోపం కూడా చెప్పాలి. ఫోన్ అడ్డంగా పట్టుకుని ఆడే ఆటలో ఆ పట్టీ మన ముందున్న కింది అంచుకి రాదు, ఛార్జింగ్ పిన్ ఉన్న వైపే ఉండిపోతుంది. ఫోన్ ఎటు తిప్పి పట్టుకున్నామో దాన్ని బట్టి అది కుడివైపు ఉండొచ్చు, ఎడమవైపు ఉండొచ్చు. జెస్చర్లలో అయితే ఫోన్ ఎలా పట్టుకున్నా మనకి కింద ఉన్న అంచు నుంచే హోమ్ వస్తుంది. నాన్నకి “ఛార్జర్ గుచ్చే వైపు నుంచి లాగు” అని చెప్పాను. అయినా రెండు వారాలు తడబడ్డారు. చివరికి పౌచ్ మీద ఆ వైపు మా అమ్మ కుంకుమరంగు గోళ్లరంగుతో ఒక చుక్క పెట్టింది. దాంతో సమస్య తీరింది.

ఆటల మధ్యలో వచ్చే ప్రకటనలది వేరే బాధ. స్క్రీన్ నిండా ప్రకటన, మూలన కనీ కనిపించని ఇంటూ గుర్తు. బ్యాక్ నొక్కినా కదలదు. అక్కడా హోమ్ పనిచేస్తుంది. తిరిగి ఆట తెరిస్తే అదే ప్రకటన ఎదురైతే, రీసెంట్స్‌లోకి వెళ్లి ఆటని పైకి తోసేసి మళ్లీ మొదలుపెట్టాలి. 2022 సెప్టెంబరు 30 నుంచి ప్లే స్టోర్ నియమాల ప్రకారం 15 సెకన్లు దాటినా మూయడానికి వీల్లేని ఫుల్ స్క్రీన్ ప్రకటనలు చూపించకూడదు. నాణేల కోసమో ప్రాణాల కోసమో మనమే ఒప్పుకుని చూసే ప్రకటనలకి మాత్రం ఈ గడువు లేదు. ప్రకటనలో ఇరుక్కున్నప్పుడు మనం ఆగాల్సింది మామూలుగా 15 సెకన్లేనని తెలిస్తే పెద్దవాళ్లు టెన్షన్‌తో ఎక్కడ పడితే అక్కడ నొక్కి ఇంకో యాప్ దింపుకోకుండా ఉంటారు. నాన్న ఫోన్‌లో అలా దిగినవి నాలుగు తీసేశాను.

హోమ్‌కి రావడం, ఆట మూసేయడం ఒకటి కాదని కూడా ఆయనకి చెప్పాల్సి వచ్చింది. హోమ్‌కి వస్తే ఆట వెనకాల అలాగే ఉంటుంది, తిరిగి వెళ్తే సాధారణంగా ఆగినచోటే మొదలవుతుంది. రీసెంట్స్‌లో పైకి తోస్తే మూసుకుపోతుంది. నెట్‌లో ఎదుటివాళ్లతో ఆడే పందెం మాత్రం మనం బయటికి వచ్చినంత మాత్రాన ఆగదు. మన వంతు సమయం గడిచిపోతూనే ఉంటుంది. నాన్న మొదట్లో కాల్ రాగానే బయటికి వచ్చి, తీరిగ్గా మాట్లాడి, తిరిగి వెళ్లి “ఓడిపోయానని చూపిస్తోందేంట్రా” అని అడిగేవారు. ఇప్పుడు కాల్ ఎదురుచూస్తున్న రోజు ఫోన్‌తో ఆడే ఆటే పెట్టుకుంటారు, మనుషులతో ఆడేది పెట్టుకోరు.

మా చెల్లెలి దగ్గర ఐఫోన్ ఉంది. అందులో బ్యాక్ బటనే లేదు, కింద ఒక గీత, అంతే. కొన్ని ఆటల్లో అక్కడా మొదటి లాగుడికి గీత తేలి, రెండోదానికి హోమ్ వస్తుంది. ఒకటే దారి ఉండటం వల్ల నేర్చుకునేవాళ్లకి ఇదే తేలిక అనిపించింది. కానీ వాడింది సెలవుల్లోనే కాబట్టి ఇంతకన్నా చెప్పను.

ఆమె నాలుగేళ్ల కొడుకు సంగతి దీనికి పూర్తిగా వ్యతిరేకం. వాడు ఆట లోంచి బయటికి రావడం మహా తేలిగ్గా నేర్చుకున్నాడు. నా ఫోన్ ఇస్తే బొమ్మలు కలిపే ఆట వదిలి, ఆఫీసు వాళ్లకి మెసేజ్‌లు పంపేశాడు. దానికి ఆండ్రాయిడ్‌లో యాప్ పిన్నింగ్ ఉంది, 2014 నాటి ఐదో వెర్షన్ నుంచీ ఉంది. సెట్టింగ్స్‌లో ఆన్ చేసి, రీసెంట్స్‌లో ఆట గుర్తు మీద నొక్కి పిన్ చేస్తే, ఫోన్ ఆ ఆట దగ్గరే నిలిచిపోతుంది. బయటికి రావాలంటే జెస్చర్లలో కింది నుంచి పైకి లాగి పట్టుకోవాలి, మూడు బటన్లలో అయితే బ్యాక్, రీసెంట్స్ రెండూ కలిపి నొక్కి పట్టుకోవాలి. బయటికి వచ్చేటప్పుడు పిన్ నంబర్ అడిగేలా పెట్టడం మరిచిపోకండి. అది పెట్టకపోతే పిల్లలు రెండు రోజుల్లో కనిపెట్టేస్తారు. ఐఫోన్‌లో ఇదే పనికి గైడెడ్ యాక్సెస్ ఉంది. దాన్ని ముందుగా సెట్టింగ్స్‌లో ఆన్ చేసుకుంటే, పక్క బటన్ మూడుసార్లు నొక్కి మొదలుపెట్టొచ్చు. మా చెల్లి రోజూ వాడుతుంది.

ఆట బిగుసుకుపోయి ఏ వేలుకీ స్పందించని సందర్భం నాకు నాలుగేళ్లలో రెండుసార్లే వచ్చింది. నా ఫోన్‌లో పవర్, వాల్యూమ్ తగ్గించే బటన్ రెండూ కలిపి, స్క్రీన్ ఆరిపోయేదాకా వదలకుండా పట్టుకుంటే తిరిగి మొదలైంది. నాన్నకి ఇది ఒకసారి చేసి చూపించాను, కాగితం మీద రాసి ఫోన్ డబ్బాలో పెట్టాను.

నా ఫోన్‌లో జెస్చర్లు అలాగే ఉంచుకున్నాను, మార్చే ఉద్దేశం లేదు. వేళ్లు చురుగ్గా ఉండి ఆటలు ఎక్కువ ఆడేవాళ్లకి అవే బాగుంటాయి. అరవై దాటినవాళ్లకీ, వేళ్లు వణికేవాళ్లకీ, చూపు తగ్గినవాళ్లకీ మూడు బటన్లే పెట్టండి. షాపులో ఫోన్ చేతికి ఇవ్వకముందే పెట్టించండి. తయారీదారులని నేను కోరేది ఒకటే. ఫోన్ మొదటిసారి ఆన్ చేసినప్పుడు భాష అడుగుతారు, వైఫై అడుగుతారు, ఖాతా అడుగుతారు. అక్కడే ఒక చిన్న ఆట లాంటిది ఫుల్ స్క్రీన్‌లో పెట్టి, దాంట్లోంచి బయటికి రావడం తెలుగులో చేయించి చూపించాలి. హోమ్ స్క్రీన్ మీద జెస్చర్లు నేర్పించేవాళ్లున్నారు, ఆట లోపల నేర్పించేవాళ్లని నేను చూడలేదు.

నాన్న ఫోన్‌కి మొన్న సాఫ్ట్‌వేర్ అప్‌డేట్ వచ్చింది. బటన్లు మారిపోయాయేమోనని భయపడి నేను ఫోన్ చేస్తే, క్యారమ్స్ ఆపి ఎత్తారు. “చుక్క ఉన్న వైపే ఉన్నాయి, చూసుకున్నాను” అన్నారు.