షోళవరమా, ఇరుంగాట్టుకోట్టయా?

చెన్నై దగ్గరున్న ఈ రెండు మోటార్ రేసింగ్ స్థలాల్లో, పాతదైన షోళవరం చూడాలా, కొత్తదైన ఇరుంగాట్టుకోట్టై చూడాలా? బెజవాడ రేసింగ్ అభిమానులు చెన్నై ప్రయాణం పెట్టుకుంటే వచ్చే సందేహమే ఇది.

దారి: షోళవరం మన హైవే మీదే, చెన్నైలోకి దిగకముందే తగులుతుంది. ఇరుంగాట్టుకోట్టైకి నగరం దాటి బెంగళూరు రోడ్డు పట్టాలి.

చరిత్ర: షోళవరానిదే పైచేయి. రెండో ప్రపంచ యుద్ధంలో విమానాల కోసం వేసిన రన్‌వే అది. 1953లో పుట్టిన మద్రాస్ మోటార్ స్పోర్ట్స్ క్లబ్ దాన్నే రేసుల బాటగా చేసింది. తిన్నగా సాగే రన్‌వే మీద బండిని పూర్తి వేగంతో వదలడం, అది అయిపోయేచోట గట్టిగా బ్రేకు తొక్కి తిప్పడం! కరివర్ధన్ లాంటి మేటి డ్రైవర్లు పోటీపడిన నేల. నా దృష్టిలో దక్షిణాది రేసింగ్‌కు పుట్టిల్లు అదే. అక్కడ ఒక్క స్మారక ఫలకమైనా పెట్టాలి.

ట్రాక్: ఇరుంగాట్టుకోట్టైది 1990లో రేసుల కోసమే కట్టిన 3.7 కిలోమీటర్ల సర్క్యూట్. మలుపులు ఎక్కువ, భద్రతా ఎక్కువే.

ఇబ్బంది: షోళవరం రన్‌వే రక్షణ శాఖ స్థలం. అనుమతి లేకుండా లోపలికి అడుగు పెట్టకండి.

పిల్లలకు పోటీ చూపించాలంటే జాతీయ చాంపియన్‌షిప్ రోజులు చూసుకుని ఇరుంగాట్టుకోట్టైకే వెళ్లండి. పాత రేసుల ముచ్చట్లు చెప్పే పెద్దాయన కారులో ఉంటే మాత్రం షోళవరం దగ్గర కాసేపు ఆపండి.