పాత రికార్డు ఒకటి: డోరిస్ డే, బ్యాండ్ నుంచి సినిమాకి

విశాఖ డాబాగార్డెన్స్‌లో ఒక సెకండ్‌హ్యాండ్ షాపులో అమెరికన్ గాయని, నటి డోరిస్ డే పాటల ఎల్పీ (పాతకాలపు గ్రామఫోన్ రికార్డు) దొరికింది. అట్టకి మన సముద్రపు గాలి పుణ్యమా అని బూజు మచ్చలు, మూలన సెల్లోటేపు, కానీ ప్లేటు మీద గీతలు తక్కువే. షాపాయన వినిపించి మరీ ఇచ్చాడు, బేరం మాత్రం ఒక్క రూపాయి ఆడలేదు.

మొదటి వైపంతా లెస్ బ్రౌన్ నడిపిన డాన్స్ బ్యాండ్‌తో ఆమె పాడిన రోజుల పాటలే. డాన్సర్ కావాలనుకున్న అమ్మాయి, 1937లో కారు ప్రమాదంలో కాలు విరిగి మంచాన పడి, రేడియోలో జాజ్ గాయని ఎల్లా ఫిట్జెరాల్డ్‌ని వింటూ పాటలోకి వచ్చింది. ‘సెంటిమెంటల్ జర్నీ’ వినండి: సాక్సఫోన్లూ ట్రంపెట్లూ చాలాసేపు వాయించాక గానీ ఆమె గొంతు రాదు, వచ్చాక కూడా అరవదు, చెవి దగ్గరకొచ్చి మాట్లాడినట్టు పాడేస్తుంది. 1945లో యుద్ధం ముగిసి ఇళ్లకెళ్లే సైనికులకి అది ఎందుకంత నచ్చిందో ఇట్టే తెలిసిపోతుంది.

రెండో వైపు సినిమా పాటలు. 1948లో మొదటి సినిమా, అదీ నటి బెట్టీ హటన్ గర్భవతి కావడంతో తప్పుకుంటే వచ్చిన వేషం. 1956 నాటి ‘కే సెరా సెరా’ దగ్గర నా ప్లేటు కాస్త కరకరలాడుతుంది. మన భానుమతి గారిలా పాటా నటనా రెండూ ఏలిన మనిషే గానీ, నా ఓటు మాత్రం బ్యాండ్ రోజులకే. సినిమా పాటల్లో వయొలిన్లు మరీ ఎక్కువైపోయాయి.

కొనేవాళ్లు సూది మంచిది వేసుకోండి, వానాకాలంలో రికార్డులు బీరువా అడుగున పెట్టకండి.