యంత్రాలు పుట్టిన ఊళ్ళలో: ఇంగ్లండ్‌లో ఏది చూడాలి, ఎక్కడ ఉండాలి

పారిశ్రామిక విప్లవం పుట్టిన చోట్లు చూడాలని ఇంగ్లండ్ వెళ్ళేవాళ్ళకి ముందే చెప్పేస్తున్నాను. ఒక్క చోటికే వీలుంటే మాంచెస్టర్ పక్కన స్టైల్‌లో ఉన్న క్వారీ బ్యాంక్ మిల్లుకి వెళ్ళండి. రెండోది ఐరన్‌బ్రిడ్జ్, తొలి పెద్ద ఇనుప వంతెన ఉన్న ఊరు. లండన్ సైన్స్ మ్యూజియం ఆఖరికి మిగిలినా నష్టం లేదు. ఈ వరస చూసి సైన్స్ మ్యూజియం అభిమానులు నన్ను తిట్టుకుంటారని తెలుసు. ఆవిరి యంత్రం ఎలా తిరుగుతుందో ఇప్పుడు ఫోన్‌లో చూసి కూడా తెలుసుకోవచ్చు. దాని ముందు నిలబడి పనిచేసినవాళ్ళు ఎక్కడ పడుకున్నారో, ఏం పోగొట్టుకున్నారో తెలియాలంటే మాత్రం ఆ చోటికి వెళ్ళాల్సిందే. అది చెప్పిన చోటికే నేను ఎక్కువ మార్కులు వేశాను.

నాతో మా బాబాయి వచ్చారు. స్పిన్నింగ్ మిల్లులో పనిచేసి రిటైరయిన మనిషి, పైగా మోకాళ్ళ నొప్పులు. అందుకని మెట్లు, లిఫ్టులు, కూర్చునే బెంచీల సంగతి ఇందులో కాస్త ఎక్కువగానే వస్తుంది.

క్వారీ బ్యాంక్‌ని శామ్యూల్ గ్రెగ్ 1784లో బోలిన్ అనే చిన్న నది ఒడ్డున కట్టించాడు. మాంచెస్టర్ విమానాశ్రయానికి చాలా దగ్గర. స్టైల్‌కి రైల్వే స్టేషనుంది కానీ అక్కడ ఆగే రైళ్ళు తక్కువ. మేం విమానాశ్రయం స్టేషన్లో దిగి టాక్సీ పట్టుకున్నాం, అదే నయం. లోపల మగ్గాలు, వడికే యంత్రాలు నిజంగానే తిప్పి చూపిస్తారు. రెండో మూడో మగ్గాలు తిప్పితేనే పక్కవాళ్ళ మాట వినపడదు. ఇలాంటివి హాలు నిండా ఉంటే ఎలా ఉండేదో ఊహించుకోవాల్సిందే. లాంకషైర్ మిల్లుల్లో ఆడవాళ్ళు పెదాల కదలిక చూసి మాట్లాడుకోవడం నేర్చుకున్నారంటే ఆశ్చర్యమేముంది!

వడికే యంత్రం నడుస్తుండగా బాబాయి నా భుజం తట్టి, "ఒరేయ్, చివర్నుంచి మూడో కదురు దగ్గర దారం తెగింది చూడు" అన్నారు. నాకేం కనపడలేదు. యంత్రం నడిపే ఆయన కూడా ఇంకా గమనించలేదు. బాబాయి వేలు చూపించాక ఆయన వచ్చి, ఆపకుండానే రెండు వేళ్ళతో కొస పట్టుకుని అతికించాడు. ఆ తర్వాత ఇద్దరూ ఆ చప్పుడులోనే సైగలతో చాలాసేపు మాట్లాడుకున్నారు. బయటికొచ్చాక బాబాయి చెప్పింది ఇదీ: "గాలి పొడిబారితే దారం తెగుతుంది. మా మిల్లులో తేమ కోసం పెద్ద ప్లాంటు పెట్టారు. వీళ్ళకి ఆ వానే చాలింది." నూలు పరిశ్రమ లాంకషైర్‌లో పాతుకుపోవడానికి చెప్పే కారణాల్లో ఆ చెమ్మ వాతావరణం నిజంగానే ఒకటి. లోపల పనివాళ్ళకి మాత్రం అదే తేమ, అదే వేడి, వాటికి తోడు దూది ధూళి, దాంతో వచ్చే దగ్గు.

అసలు చూడాల్సింది మిల్లుకి కాస్త దూరంలో ఉన్న అప్రెంటిస్ హౌస్. అనాథ పిల్లల్ని, వర్క్‌హౌస్‌లలో, అంటే దిక్కులేని పేదల్ని పనిచేయించుకుంటూ ఉంచే ఇళ్ళలో, ఉండే పిల్లల్ని తెచ్చి ఇక్కడ ఉంచేవాళ్ళు. తిండి, బట్ట, ఇంత చదువు పెట్టి, రోజుకి పన్నెండు గంటలకి తగ్గకుండా పనిచేయించుకునేవాళ్ళు. యంత్రం బండి ముందుకీ వెనక్కీ కదులుతుంటే దాని కిందికి దూరి దూది ఊడ్చే పని చిన్నపిల్లలది. 1806లో జోసెఫ్ సెఫ్టన్, థామస్ ప్రీస్ట్లీ అనే ఇద్దరు కుర్రాళ్ళు ఇక్కణ్ణుంచి పారిపోయి, అమ్మల్ని చూడాలని లండన్ దాకా వెళ్ళారు. ప్రీస్ట్లీకి పదమూడేళ్ళు. అప్పటికే ఒక వేలు యంత్రంలో పడి పోయింది. పట్టుకున్నాక మేజిస్ట్రేట్ల ముందు వాళ్ళిచ్చిన వాంగ్మూలాలు ఇప్పటికీ ఉన్నాయి. వాటిల్లో తిండి బాగానే ఉందని కూడా చెప్పారు. నన్ను ఎక్కువ పట్టి ఉంచింది ఆ మాటే. దుర్మార్గుడైన యజమాని కథ అయితే తేలిగ్గా కోపం తెచ్చుకుని బయటికొచ్చేయొచ్చు. గ్రెగ్ ఆ రోజుల్లో మంచి యజమానిగా పేరున్నవాడు. ఆ మంచి యజమాని కుటుంబానికే డొమినికా దీవిలో బానిసలతో సాగుచేయించిన తోట కూడా ఉండేది.

ఈ ఇంటిని గైడుతోనే చూడాలి, దానికి వేళలుంటాయి. గేటులోకి వెళ్ళగానే ముందు ఆ వేళ అడిగి పెట్టుకోండి, మిల్లు తర్వాత చూడొచ్చు. ఇంట్లో మెట్లు ఇరుకు. బాబాయి కింద గదిలోనే కూర్చుండిపోయారు.

మన వైపు నుంచి వెళ్ళేవాళ్ళకి ఒక చిన్న లోటు అనిపిస్తుంది. మచిలీపట్నం లాంటి రేవుల నుంచి వెళ్ళిన అద్దకం బట్టలకి ఇంగ్లండ్‌లో ఎంత గిరాకీ ఉండేదంటే, 1700లో ఒకసారి, 1721లో మరోసారి చట్టాలు చేసి వాటిని అడ్డుకున్నారు. 1774లో ఆ నిషేధం తీసేసేటప్పటికి వాళ్ళ యంత్రాలు సిద్ధంగా ఉన్నాయి. మిల్లు కథ నిజానికి ఇక్కడ మొదలుపెట్టాలి. ఈ సంగతి ఇంకాస్త విడమరిచి చెబితే బాగుండుననిపించింది.

ఉండటానికి మాంచెస్టర్‌లో కాసిల్‌ఫీల్డ్, డీన్స్‌గేట్ వైపు గది తీసుకోండి. కాలువలు, ఇటుక గోదాములు, పాత రైలు వంతెనలు అన్నీ కాలినడకన చూడొచ్చు. మేం దిగిన హోటల్ పేరు చెప్పను గానీ లిఫ్టు పాడై ఉంది. మూడో అంతస్తులో గది. రిసెప్షన్లో ఎంత చెప్పినా, "రేపు బాగవుతుంది" అనే మాట తప్ప కింద గది ఇవ్వలేదు. మోకాళ్ళ సంగతి ఉన్నవాళ్ళు బుక్ చేసేటప్పుడే కింది అంతస్తు అని రాసి, జవాబు వచ్చేదాకా డబ్బు కట్టకండి.

మాంచెస్టర్‌లో సైన్స్ అండ్ ఇండస్ట్రీ మ్యూజియం ఉన్న లివర్‌పూల్ రోడ్ స్థలంలోనే 1830 నాటి రైల్వే స్టేషనుంది. ప్రయాణికుల కోసం కట్టి ఇంకా నిలిచున్న స్టేషన్లలో ప్రపంచంలోకెల్లా పాతది ఇదే. మొదటి తరగతికి ఒక తలుపు, రెండో తరగతికి వేరే తలుపు. రైలంటే ఏమిటో జనానికి ఇంకా సరిగ్గా తెలియని రోజునే ఎవరు ఏ తలుపులోంచి రావాలో తేల్చేశారు! 1830 సెప్టెంబర్ 15న ఈ రైలు మార్గం ప్రారంభోత్సవంలోనే విలియం హస్కిసన్ అనే పార్లమెంటు సభ్యుడు 'రాకెట్' అనే రైలు ఇంజన్ కింద పడి చనిపోయాడు. పట్టాల మీదికి దిగకూడదన్న ఆలోచన అప్పటికి ఎవరికీ అలవాటు కాలేదు మరి. ఇదే మ్యూజియంలో 'బేబీ' కంప్యూటర్‌కి నమూనా ఉంది. తన మెమరీలో దాచుకున్న ప్రోగ్రామును 1948 జూన్ 21న మొట్టమొదట నడిపింది ఆ బేబీయే. ఒక్క లెక్కకి 52 నిమిషాలు పట్టింది. ప్రవేశం ఉచితం. అయితే ఇక్కడ ఏదో ఒక భాగం మరమ్మతులకు మూసే ఉంటుంది, ఏం తెరిచుందో ముందు వెబ్‌సైటులో చూసుకుని వెళ్ళండి.

అక్కణ్ణుంచి విక్టోరియా స్టేషన్ వైపు వెళ్తే చెథమ్స్ లైబ్రరీ వస్తుంది. 1653లో పెట్టిన ఉచిత గ్రంథాలయం. 1845 వేసవిలో మార్క్స్, ఎంగెల్స్ కూర్చుని చదువుకున్న కిటికీ మూల, ఆ బల్ల అలాగే ఉన్నాయి. మిల్లు చూసిన మర్నాడు ఈ మూలకి రావడం మంచి వరస. ఎంగెల్స్ మాంచెస్టర్ వచ్చింది తమ కుటుంబం వాటా ఉన్న నూలు మిల్లు వ్యాపారం చూసుకోవడానికే కదా. టూర్ ముందే బుక్ చేసుకోవాలి.

ఐరన్‌బ్రిడ్జ్‌తో చిక్కంతా చేరుకోవడంలోనే. దగ్గర్లో పెద్ద స్టేషన్ టెల్‌ఫర్డ్ సెంట్రల్. అక్కణ్ణుంచి బస్సులు పలచన. కారు అద్దెకి తీసుకోవడం మేలు, లేదంటే టాక్సీకి సిద్ధపడాలి. మేం వెళ్ళిన రోజు రైలు రద్దయింది. ప్లాట్‌ఫారం మీద ఎవరూ ఏమీ చెప్పలేదు, తర్వాతి రైల్లో నిలబడే వెళ్ళాం. అయితే ఆలస్యానికి డబ్బు వెనక్కిచ్చే పద్ధతి అక్కడుంది. కంపెనీని బట్టి పదిహేనో ముప్పయ్యో నిమిషాలు దాటితే చాలు, టికెట్ ఫోటో తీసి ఆన్‌లైన్లో పెట్టడమే. మాకు డబ్బు తిరిగొచ్చింది. ఇద్దరు కలిసి తిరిగేవాళ్ళు టూ టుగెదర్ రైల్‌కార్డు తీసుకుంటే టికెట్లో మూడో వంతు తగ్గుతుంది, సోమవారం నుంచి శుక్రవారం దాకా అయితే ఉదయం తొమ్మిదిన్నర దాటాక. పెద్దవాళ్ళకి ప్యాసింజర్ అసిస్ట్ ఉచితం. ముందు చెప్పి ఉంచితే దిగేచోట మనిషి వచ్చి సాయం చేస్తాడు. ఇంగ్లండ్ రైళ్ళలో నేను మనస్ఫూర్తిగా మెచ్చుకునేది ఈ ఒక్క సేవనే.

వంతెన చూడగానే చిన్నదే అనిపిస్తుంది. నది మీది కమాను వెడల్పు 30 మీటర్ల పైచిలుకు. కిందికి దిగి అతుకులు చూడండి. 1779లో దాదాపు 378 టన్నుల పోత ఇనుముతో నిలబెట్టారు. ఇంత పెద్ద ఇనుప వంతెన అంతకుముందు కట్టినవాళ్ళెవరూ లేరు, అందుకని వడ్రంగి పద్ధతిలోనే ఇనుప దూలాలకి బెజ్జాలు పెట్టి, ఒకదాంట్లో ఒకటి దూర్చి, చీలలు కొట్టి బిగించారు. కొత్త పదార్థం చేతికొచ్చినా పని తెలిసిన చెయ్యి పాతదే. టోల్ గది మీద పాత రేట్ల పలక ఇంకా ఉంది. డ్యూటీలో ఉన్నా లేకున్నా సైనికులు, తపాలా బళ్ళు, ఆఖరికి రాజకుటుంబం కూడా డబ్బు కట్టాల్సిందేనని దాని మీద రాసుంది. బాబాయి ఆ పలక ముందు చాలాసేపు నవ్వుకున్నారు.

కోల్‌బ్రూక్‌డేల్‌లో మొదటి అబ్రహాం డార్బీ కొలిమి ఉంది. 1709లో కట్టెబొగ్గు బదులు కోక్‌తో, అంటే రాక్షసిబొగ్గును కాల్చి చేసిన ఇంధనంతో, ఇనుము కరిగించిన చోటు. వంతెనలు, ఇంజన్ల సంగతి తర్వాత. ఆయన ముందు అమ్ముకుంది వంట కుండలు. ఇసుక అచ్చుల్లో పల్చగా పోత పోసిన ఇనుప కుండలు చవగ్గా దొరకడంతో మామూలు ఇళ్ళలోకి చేరాయి. వంతెన దగ్గర జనం తోసుకుంటారు కానీ ఈ కొలిమి ముందు మేమిద్దరమే ఉన్నాం.

బ్లిస్ట్స్ హిల్ విక్టోరియన్ పట్నం పిల్లలున్నవాళ్ళకి బాగుంటుంది. బ్యాంకులో ఇప్పటి పౌండ్లిస్తే పాతకాలపు నాణేల నమూనాలిస్తారు, వాటితో దుకాణాల్లో కొనుక్కోవచ్చు. నాకు మాత్రం అక్కడ అన్నీ మరీ శుభ్రంగా ఉన్నాయనిపించింది. పొగ లేని కొలిమి ఊరు! చేపలూ చిప్సూ పాత పద్ధతిలో గొడ్డు కొవ్వులో వేయిస్తారు, తినని వాళ్ళు ముందే అడగండి. ఉండటానికి కోల్‌పోర్ట్‌లో పాత పింగాణీ కర్మాగారం భవనంలోనే ఒక హాస్టల్ ఉంది. గదులు సాదా, పరుపులు గట్టి, కానీ ఇటుకలతో కట్టిన ఆ పింగాణీ బట్టీల పక్కన నిద్ర లేవడం బాగుంటుంది. టెల్‌ఫర్డ్‌లో ఏ హోటల్ అయినా ఇంతకన్నా సౌకర్యంగానే ఉంటుంది, ఆ రుచి మాత్రం రాదు.

లండన్‌లో గ్రీనిచ్‌కి ఒక పూట చాలు. అబ్జర్వేటరీ గుట్ట మీద ఉంటుంది, ఎక్కుడు బాగానే ఉంది, దారిలో బెంచీల మీద ఆగుతూ వెళ్ళాలి. సున్నా డిగ్రీల రేఖాంశ రేఖ మీద అటో కాలు ఇటో కాలు వేసి ఫోటో దిగడానికి టికెట్ కొనక్కర్లేదు, ఆ రేఖ గోడ బయటికి కూడా వస్తుంది. 1852 నాటి 24 గంటల గడియారమూ బయటే. సరిగ్గా ఒంటిగంటకి పడే ఎర్ర బంతిని కింది నుంచే చూడొచ్చు. టికెట్ పెట్టేది జాన్ హారిసన్ గడియారాల కోసం. సముద్రంలో రేఖాంశం కనుక్కునే ఉపాయానికి 1714లో పార్లమెంటు 20,000 పౌండ్ల దాకా బహుమతి ప్రకటిస్తే, ఈ వడ్రంగి కొడుకు జీవితమంతా దాని మీదే పెట్టాడు. మొదటి మూడూ ఇప్పటికీ ఊగుతూ నడుస్తుంటాయి. నాకిష్టమైన కథ మాత్రం రూత్ బెల్‌విల్‌ది. గ్రీనిచ్ వచ్చి తన జేబు గడియారం సరిచేసుకుని, లండన్ అంతా తిరుగుతూ చందాదారులకి సరైన టైము అమ్మేది. తండ్రి మొదలుపెట్టిన ఈ వ్యాపారం 1940 దాకా నడిచింది. తంతి వచ్చింది, రేడియో వచ్చింది, ఈవిడ దగ్గర టైము కొనేవాళ్ళు ఇంకా ఉన్నారు!

సైన్స్ మ్యూజియం ఉచితం, జనం ఎక్కువ. జేమ్స్ వాట్ పనిగది, పందొమ్మిదో శతాబ్దపు గణితవేత్త బాబేజ్ గీసిన కొలతలతో 1991లో కట్టిన లెక్కల యంత్రం చూసి వచ్చేయండి.

రెండో ప్రపంచ యుద్ధంలో జర్మన్ల రహస్య సందేశాలు విప్పిన చోటు బ్లెచ్లీ పార్క్. అక్కడికి లండన్ యూస్టన్ నుంచి రైలు, స్టేషన్ ఎదురుగానే. ఇక్కడ చాలామంది తికమకపడే విషయం ఒకటుంది. పార్కూ, పక్కనే ఉన్న నేషనల్ మ్యూజియం ఆఫ్ కంప్యూటింగూ వేర్వేరు సంస్థలు, వేర్వేరు టికెట్లు. రెండోది అన్ని రోజులూ తెరవరు, రోజు చూసుకుని వెళ్ళండి. పార్కులో భవంతి, తోట, టీ కొట్టు అన్నీ దర్జాగా ఉంటాయి. యుద్ధకాలంలో అక్కడ పనిచేసినవాళ్ళలో దాదాపు ముప్పావు వంతు ఆడవాళ్ళే. ఒకదాన్నే ఎంచుకోమంటే నేను పక్క మ్యూజియమే ఎంచుకుంటాను. సీట్లు తక్కువ, కాంటీన్ అంతంతమాత్రం, కానీ ఆ సందేశాలు విప్పడానికి కట్టిన కంప్యూటర్ కొలోసస్‌కి తిరిగి కట్టిన నమూనా నిజంగా పనిచేస్తూ ఉంటుంది. గదిలోకి అడుగుపెట్టగానే వాల్వుల వేడి ముఖానికి తగులుతుంది. సెకనుకి 5,000 అక్షరాల వేగంతో కాగితం టేపు చక్రాల మీద గిర్రున తిరుగుతుంది.

దాన్ని 1943లో తయారుచేసింది టామీ ఫ్లవర్స్, టెలిఫోన్లు చూసే పోస్టాఫీసు ఇంజనీరు. యుద్ధం అయ్యాక ఆయనకి 1,000 పౌండ్లిచ్చారు, సొంతంగా పెట్టిన ఖర్చుకి కూడా అది చాలలేదు. అలాంటి యంత్రం ఇంకోటి కడతానని అప్పు అడిగితే, ఇది పనిచేయదని ఇవ్వలేదట. ఇదివరకే కట్టానని చెప్పడానికి లేదు, రహస్యం. వివరించే పెద్దాయన ఇది చెప్తుంటే బాబాయి, "పేటెంటు కూడా లేదా?" అని అడిగారు. లేదన్నాడాయన. ఈ గదికి కనీసం రెండు గంటలు ఉంచుకోండి, టేపు ఆగినప్పుడు అడిగితే యంత్రం వెనక వైపుకి కూడా తీసుకెళ్ళి చూపించారు.