బ్రెజిల్‌కు ఏది గుమ్మం: సినిమానా, సీరియలా, పాటా?

బ్రెజిల్ అంటే మనలో చాలామందికి పెలే, కార్నివాల్. ఆ తర్వాత మాట తడుముకోవాల్సిందే. ఆ దేశంలోకి తొంగి చూడాలంటే ముందు దేన్ని పట్టుకోవాలి?

చేతిలో ఒక్క ఆదివారమే ఉంటే సినిమాయే దిక్కు. అందరూ ముందుగా చెప్పే పేరు 2002 నాటి 'సిటీ ఆఫ్ గాడ్'. గొప్ప సినిమాయే, కాదనను. కానీ దాంతో మొదలుపెడితే బ్రెజిల్ అంటే తుపాకులు పట్టుకున్న పిల్లలే అన్న ముద్ర పడిపోతుంది. నా ఓటు 2024లో వచ్చిన 'ఐ యామ్ స్టిల్ హియర్'కి. సైనిక పాలన నడుస్తున్న రోజులవి. 1971 జనవరిలో రియోలోని ఇంటి నుంచి మాజీ పార్లమెంటు సభ్యుడు రూబెన్స్ పైవాను తీసుకుపోయారు. మనిషి మళ్లీ రాలేదు. తర్వాతెప్పుడో పత్రిక కోసం ఫొటో తీయడానికి వచ్చినవాళ్లు నవ్వొద్దంటారు. ఆయన భార్య మాత్రం పిల్లలతో "నవ్వండి" అంటుంది. ఆ ఒక్క సీను చాలు. 2025లో బ్రెజిల్‌కు మొట్టమొదటి ఆస్కార్ తెచ్చింది ఈ సినిమాయే. ఆ భార్యగా ఫెర్నాండా టోరెస్ చేస్తే, అదే పాత్రను ముసలితనంలో చేసింది ఆమె కన్నతల్లి ఫెర్నాండా మోంటెనెగ్రో.

అయితే బ్రెజిల్ ఇళ్లలో రోజూ మాట్లాడుకునేది సినిమా గురించి కాదు, సీరియల్ గురించి. వాళ్లు 'నొవేలా' అంటారు. మన సీరియళ్లలా ఏళ్ల తరబడి జీళ్లపాకం కాదు, మామూలుగా ఏడెనిమిది నెలల్లో కథ కంచికి చేరుతుంది. ఒకపక్క ప్రసారం అవుతుండగానే రచయిత ముందు ఎపిసోడ్లు రాస్తుంటారు కాబట్టి, జనం నాడి చూసి కథ మలుపులు తిరుగుతుంది. 2009లో గ్లోబో చానల్ మన దేశం మీదే ఒకటి తీసింది. దళిత యువకుడు, పై కులపు అమ్మాయి, వాళ్ల ప్రేమ. చీరలు కట్టి, బొట్లు పెట్టుకుని "అరే బాబా" అంటూ మిగతాదంతా పోర్చుగీసులో మాట్లాడే బ్రెజిల్ నటులు! మనకు నవ్వొస్తుంది. దానికి ఇంటర్నేషనల్ ఎమ్మీ అవార్డు కూడా వచ్చింది. చిక్కల్లా ఒకటే. భాష రాకుండా నూటయాభైకి పైగా ఎపిసోడ్లు చూసే ఓపిక ఎవరికుంది? నాకైతే లేదు.

అందుకే నా లెక్కలో పాటే మేలు. భాష రాకపోయినా చెవికి అడ్డు లేదు. జువావ్ జిల్బెర్తో 1958లో రికార్డు చేసిన 'షెగా జి సౌదాజి' వినండి. గొంతు పెంచడు, పక్కన కూర్చుని చెవిలో చెబుతున్నట్టు పాడతాడు. గిటారు మీద బొటనవేలు సాంబా సంగీతంలోని పెద్ద డోలు దెబ్బ వేస్తుంటే, మిగతా వేళ్లు చిన్న వాయిద్యాల పని చేస్తాయి. ఈ పద్ధతిని తోబుట్టువు ఇంటి స్నానాలగదిలో కూర్చుని సాధన చేశాడని చెప్పుకుంటారు. బోసా నోవా అనే ఈ సంగీత శైలి అక్కడ పుట్టింది.

దాంతో చెవి అలవాటు పడ్డాక షికో బువార్కీ 1971 నాటి 'కన్‌స్ట్రుసావ్' పెట్టండి. ఈసారి అర్థం పక్కన ఉంచుకుని వినాలి. ఒక కూలీ భార్యను ముద్దాడి పనికి వెళతాడు, గోడలు లేపుతాడు, పైనుంచి పడి చచ్చిపోతాడు. ప్రతి పాదమూ చివరి నుంచి మూడో అక్షరం మీద ఊనిక పడే మాటతోనే ముగుస్తుంది. ప్రాసయతుల మీద మోజున్న మనకు ఇది పండగే. అదే కథ మళ్లీ మొదలవుతుంది, చివరి మాటలు మాత్రం ఇటుకల్లా చోటు మారతాయి. రోడ్డు మీద పడ్డ శవం మొదటిసారి ట్రాఫిక్‌కు అడ్డం. రెండోసారి జనానికి అడ్డం. మూడోసారి శనివారానికి.