మున్సిపాలిటీ పట్టించుకోకపోతే: ఆర్డీఓనా, గ్రీన్ ట్రిబ్యునలా, హైకోర్టా?

వీధి చివర చెత్తకుప్పకి రోజూ నిప్పు పెడుతున్నారు. యాప్‌లో ఫిర్యాదు చేశారు, సోమవారం ప్రజావాణిలో అర్జీ ఇచ్చారు, పని అయిపోయిందని మెసేజ్ కూడా వచ్చింది, పొగ మాత్రం అలాగే ఉంది. ఇక్కడే చాలామంది కోర్టుకెళ్తే ఏళ్లు పడుతుందని వదిలేస్తారు, ఆ పొగ పీలుస్తూ పిల్లలు దగ్గుతూనే ఉంటారు. అలా వదిలేయకండి, దారులున్నాయి.

మొదట ఆర్డీఓ దగ్గరికే వెళ్లమంటాను. ఆధారం బీఎన్‌ఎస్‌ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత, కేసులు నడిపే పద్ధతి చెప్పే చట్టం) 152వ సెక్షన్, 2024 జూలై 1కి ముందు ఉన్న పాత చట్టం సీఆర్‌పీసీలో ఇది 133. దీని కింద ఆర్డీఓ మేజిస్ట్రేట్ హోదాలో, జనాన్ని ఇబ్బంది పెట్టేదాన్ని ఫలానా గడువులోగా తొలగించండి, లేదంటే వచ్చి కారణం చెప్పండి అని ఆర్డర్ ఇవ్వొచ్చు. అర్జీ మొదట్లోనే సెక్షన్ నంబరు రాయండి, లేకపోతే అది మామూలు ఫిర్యాదులా తిరిగి మున్సిపల్ కమిషనర్ టేబుల్ మీదకే చేరుతుంది. మున్సిపాలిటీ మీద కూడా ఇది పనిచేస్తుందా అంటే, మధ్యప్రదేశ్‌లోని రత్లాంలో ఒక వార్డు జనం మురుగు కంపు భరించలేక ఇదే సెక్షన్ పట్టుకున్నారు, మేజిస్ట్రేట్ ఆర్డర్ మీద మున్సిపాలిటీ సుప్రీంకోర్టు దాకా పోయి డబ్బుల్లేవంది, 1980లో జస్టిస్ కృష్ణయ్యర్, మన తెలుగాయన జస్టిస్ చిన్నపరెడ్డి కూర్చున్న బెంచ్ ఆ సాకు చెల్లదని తేల్చేసింది. ఈ దారిలో ఖర్చు తక్కువ, ఆఫీసు దగ్గర. ఇబ్బందల్లా ఒకటే, ఆర్డీఓకి భూముల గొడవలే బోలెడు, వాయిదాలు పడతాయి, వెంటపడాలి.

చెత్త కాల్చడం, మురుగు చెరువులోకి వదలడం లాంటివైతే మాత్రం నా ఓటు పర్యావరణ కేసులు మాత్రమే చూసే నేషనల్ గ్రీన్ ట్రిబ్యునల్‌కే. రెండు తెలుగు రాష్ట్రాలకీ చెన్నై బెంచే. నష్టపరిహారం అడగకపోతే ఫీజు వెయ్యి రూపాయలు, లాయర్ లేకుండా మీరే వాదించుకోవచ్చు. కాలుష్య నియంత్రణ మండలినీ కలెక్టర్‌నీ రిపోర్టు అడుగుతుంది, మున్సిపాలిటీకి ఆ టెన్షన్ వేరు. చెత్త తగలబెడితే 5,000, పెద్ద ఎత్తున అయితే 25,000 జరిమానా అని 2016లోనే చెప్పింది. కానీ గడువు చూసుకోండి: సమస్య మొదలైన ఆరు నెలల్లోగా వెళ్లాలి, సరైన కారణం చూపిస్తే ఇంకో 60 రోజులు. యాప్‌లో ఫిర్యాదు మీద ఫిర్యాదు పెడుతూ ఏడాది గడిపేసేవాళ్లు నష్టపోయేది ఇక్కడే. ఇంకోటి, పర్యావరణ చట్టాలకు సంబంధం ఉన్న పెద్ద సమస్యే అయ్యుండాలి, ఇంటి ముందు కాలవ మీద బండ విరిగిందంటే అక్కడ నడవదు.

హైకోర్టు రిట్, అంటే అధికారులు తమ పని చేసేలా ఆదేశించమని నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్, బలమైనదే, కానీ మొదటే అక్కడికి పరిగెత్తొద్దు. లాయర్ ఫీజు భారం, పైగా చాలాసార్లు తొలి ఆర్డర్ మీ అర్జీ మీద ఇన్ని వారాల్లో నిర్ణయం తీసుకోండి అన్నంతవరకే వస్తుంది. అదీ తక్కువేం కాదు, దాన్నీ తొక్కిపెడితే కోర్టు ధిక్కారం కేసు వేయొచ్చు. ఆర్డీఓ కదలనప్పుడు, ట్రిబ్యునల్ పరిధిలోకి రానప్పుడు ఇదే దిక్కు.

చాలామందికి తెలియనిది పర్మనెంట్ లోక్ అదాలత్, ప్రజలకు అందాల్సిన సేవల మీద గొడవల్ని ముందు రాజీతో తేల్చడానికి చూసే వేదిక. పారిశుధ్యం దాని పరిధిలోనే ఉంది, కోర్టు ఫీజు లేదు, రాజీ కుదరకపోతే తీర్పు కూడా అదే ఇస్తుంది. చెత్తబండి రావట్లేదు, డ్రైనేజీ తీయట్లేదు లాంటివాటికి ఆర్డీఓ కన్నా ఇదే నయం అనిపిస్తుంది నాకు. జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అడిగితే చెప్తారు. సివిల్ దావా కూడా వేయొచ్చు గానీ, పొగ ఆగాల్సింది ఈ నెలలో అయినప్పుడు అది మరీ నెమ్మది.

ఎటు వెళ్లినా, ఇవాళే మున్సిపాలిటీకి ఒక ఆర్‌టీఐ పెట్టండి: నా ఫలానా నంబరు ఫిర్యాదు మీద ఏం చేశారు, ఎవరు, ఏ తేదీన మూసేశారు? 30 రోజుల్లో జవాబివ్వాలి. తేదీ వేసిన ఫొటోలతో పాటు ఆ కాగితాన్ని కూడా ఫైల్లో పెట్టుకోండి.